పగడాలమ్మను చంపకుండా వచ్చాను

గుడివాడ, బందరు, దివిసీమ చూసి వచ్చినవాళ్ళు మామూలుగా వరిచేల గురించీ, లడ్డు గురించీ రాస్తారు. నేనూ రాస్తాను. కానీ నేను వెళ్ళింది అవి చూడ్డానికి కాదు, ఇద్దరిని చంపడానికి. ఒకావిడ పేరు పగడాలమ్మ. రెండో ఆయన గవ్వల తాతయ్య. పోలీసులకు చెప్పేముందు కాస్త ఆగండి, వివరంగా చెబుతాను.

గవ్వల తాతయ్య అంటే నేనే. మద్రాసులో ఒక పిల్లల మాసపత్రికకి ఎనిమిదేళ్ళుగా ఆ పేరుతో మాయల కథలు రాస్తున్నాను. నాకు ముప్ఫై నాలుగేళ్ళు. పుట్టింది కడప జిల్లాలో, గవ్వని పచ్చీసు ఆటలో తప్ప ఎవరూ చూడని ఊళ్ళో. ఆ పేరు మా సంపాదకుడు గారు పెట్టారు. "కుర్రాడు రాశాడంటే పిల్లలు నమ్మరోయ్, తాత చెప్పాడంటే నమ్ముతారు" అన్నారు. పగలు ప్రెస్సులో ప్రూఫులు దిద్దడం, సాయంత్రం గదికొచ్చి రాక్షసుల్ని పుట్టించడం, ఇదీ నా బతుకు.

ఈ ఎనిమిదేళ్ళలో నాకు ఎదురుపడ్డ ప్రతి పెద్దమనిషీ ఒకటే ప్రశ్న వేశాడు. "బాగుందండీ. మరి పెద్దవాళ్ళకెప్పుడు రాస్తారు?" మొదట్లో నవ్వేవాణ్ణి. తర్వాత ఒళ్ళు మండేది. చివరికి వాళ్ళు చెప్పేది నిజమేనేమో అనిపించింది. "సుడిగుండాల కోట" అనే నా సీరియల్ మాఘంతో అయిపోవాల్సి ఉంది. దాంతోపాటు గవ్వల తాతయ్య కూడా స్వర్గస్థుడయ్యాడని చివర రెండు ముక్కలు రాసేసి, ఆపైన సొంత పేరుతో లావుపాటి సాంఘిక నవల ఒకటి మొదలుపెట్టాలని నిశ్చయించుకున్నాను.

ఇక పగడాలమ్మ. ఆ సీరియల్లో సముద్రం అడుగున ఉండే ముసలమ్మ. ఓడ మునిగినవాళ్ళని ఒంటిచేత్తో పైకెత్తి, కోటకు తీసుకెళ్ళి, వేడివేడి అన్నం పెడుతుంది. మొదటి మూడు నెలలూ ఆవిడ దేవతే. నాలుగో నెలలో తెలుస్తుంది, ఆవిడ రాక్షసి అనీ, వాళ్ళని తినడానికే మేపుతోందనీ. చివర్లో రాకుమారుడు ఆవిడ నోట్లో సున్నం కుండ విసిరితే ముక్కలుముక్కలుగా పేలిపోతుంది. మా చిత్రకారుడు చెల్లెలి పెళ్ళికని ఊరెళ్తూ ఆ పేలిపోయే బొమ్మ ముందే గీసిచ్చేశాడు. దాన్ని అచ్చువేసే లోహపు బ్లాకు కూడా తయారైపోయింది. మా పత్రికలో పద్ధతి అంతే. ఒకసారి బ్లాకు చేయించాక ఆ బొమ్మకు తగ్గట్టు కథ మారాలి గాని, కథకు తగ్గట్టు బొమ్మ మారదు. కాబట్టి పగడాలమ్మ చావు ఇత్తడి మీద చెక్కినంత ఖాయం. నేను రాసి, బందరులో పోస్టు చేయడమే మిగిలింది.

గుడివాడ: గడ్డం లేని తాత

గుడివాడలో ఒక బడి వార్షికోత్సవానికి నన్ను పిలిచారు. రైలాగేసరికి ప్లాట్‌ఫారం మీద బాజాలు మోగుతున్నాయి. నాకోసమేనని సిగ్గుపడుతూ దిగాను. ఎవరూ నావైపు చూడలేదు. పక్క పెట్టెలోంచి దిగిన తెల్లగడ్డం పెద్దాయన మెడలో దండ వేసేశారు. ఆయన కూడా మెడ వంచి చక్కగా వేయించుకున్నాడు. దండ వేస్తామంటే వద్దనేవాళ్ళెవరు?

గుంపులోకి దూరబోతే బ్యాడ్జీ పెట్టుకున్న ఒక మాస్టారు నన్ను ఆపాడు. "కాస్త జరగండి సార్, తాతయ్య గారికి గాలి ఆడటంలేదు."

"నేనేనండీ గవ్వల తాతయ్యని."

ఆయన నన్ను కిందనించి పైదాకా చూశాడు. "మీకు మనవలెంతమందండీ?"

"ఇంకా పెళ్ళే కాలేదండీ."

"అయితే జరగండి" అన్నాడు.

పెద్దాయన జట్కాలో వెళ్తుంటే నేను సంచీ పట్టుకుని ఊరేగింపు వెనకాల నడిచాను. సభలో హెడ్మాస్టరు గారు నా గురించి చాలా గొప్పగా మాట్లాడారు. వింటుంటే నాకే ఆ పెద్దాయన మీద గౌరవం కలిగింది. ఆయన లేచి, "పిల్లలూ, పంచదార తినకండి, బెల్లం తినండి. అనకాపల్లి బెల్లం మరీ మంచిది" అని కూర్చున్నాడు. చప్పట్లు మోగాయి. కథ చెప్పమని హెడ్మాస్టరు గారు బతిమాలితే, "కథలు నాకేం తెలుసండీ, నేను బెల్లం బేరానికొచ్చాను. మీరు ప్రేమగా పిలిచారు, కాదనలేకపోయాను" అన్నాడు పాపం.

అప్పుడు నన్ను వెతికి వేదిక ఎక్కించారు. చప్పట్లు సగానికి తగ్గాయి. ముందు వరసలో రెండు జడల పాప లేచి, "మీరు తాతయ్య గారి గుమాస్తానాండీ?" అని అడిగింది. 

భోజనం హెడ్మాస్టరు గారింట్లో. ముద్దపప్పు, ఆవకాయ, గోంగూర, గుమ్మడికాయ పులుసు, గడ్డపెరుగు. మా కడపవైపు విస్తరి ముందు చెయ్యి అడ్డుపెట్టి "చాలు" అంటే చాలనే అర్థం. అక్కడ "చాలండీ" అంటే ఇప్పుడే వడ్డన మొదలుపెట్టమని అర్థం. ఆయాసపడుతూ లేవబోతుంటే హెడ్మాస్టరు గారు వక్కపొడి అందిస్తూ అన్నారు. "మీ భాష ధారాళంగా ఉందండీ. పెద్దవాళ్ళకెప్పుడు రాస్తారు?"

"త్వరలోనేనండీ" అన్నాను.

బందరు: ఇందుమూలముగా

బందరులో నా మకాం ఒక ప్లీడరు గారింట్లో. ఆయన మా సంపాదకుడి స్నేహితుడు. నాకు ఏ వరసా కాడు గాని, గుమ్మంలో అడుగు పెట్టగానే "రావోయ్ బావా" అన్నాడు. సాయంత్రానికల్లా ఆ వీధిలో నాకు ముగ్గురు మావయ్యలు, ఒక అత్తయ్య కూడా ఏర్పడ్డారు. మావైపు చుట్టరికం కలవాలంటే ముందు పుట్టాలి, లేకపోతే పెళ్ళయినా చేసుకోవాలి. ఇక్కడ కాఫీ తాగితే సరిపోతుంది.

సముద్రం చూపించమని అడిగాను. రేవు పట్టణం కదా, వీధి చివరే ఉంటుందనుకున్నాను. రిక్షాలో చాలాసేపు తీసుకెళ్ళి, మోకాలిలోతు బురద, అడవిలా పెరిగిన పొదలు చూపించి, "ఇదిగో దాని తర్వాతే" అన్నాడు ప్లీడరు బావ. ఒకప్పుడు ఇక్కడికి దేశదేశాల ఓడలు వచ్చాయట. ఇప్పుడు ఒక పీత మాత్రం బయటికొచ్చి మమ్మల్ని చూసి మళ్ళీ లోపలికెళ్ళిపోయింది. తిరిగొస్తూ లడ్డు కొనిపెట్టాడు. ఆ లడ్డు గురించి విన్నదంతా నిజమే. కొరకాల్సిన పని లేదు, నాలుక మీద పెట్టుకుని ఊరుకుంటే చాలు. వీశె లడ్డు కట్టించుకుని దారిలోనే సగం తినేశాను.

నా నిర్ణయం చెప్పగానే ప్లీడరు బావ కుర్చీలోంచి లేచి నా భుజం తట్టాడు. "ఎన్నాళ్ళని పిల్లకాయల కథలు రాస్తావోయ్! తాతని గౌరవంగా సాగనంపెయ్" అని, ఆ సాగనంపే ముక్క తనే చెప్పి రాయించాడు. "ఇందుమూలముగా సమస్త బాలబాలికలకు తెలియపరచునది ఏమనగా, గవ్వల తాతయ్య అనబడు వ్యక్తి స్వర్గస్థులైనందున, ఇకముందు వారి పేరిట ఎటువంటి కథలు వెలువడినను చెల్లనేరవు." రాశాక చదువుకుంటే కొంచెం గుండె పట్టేసినట్టయింది. అరగనందువల్ల అనుకున్నాను.

అదీ, పగడాలమ్మ చావూ ఒకే కవరులో పెట్టాను. పోస్టు చేసేముందు దివిసీమకు ఒకసారి వెళ్ళిరావాలి. అక్కడొక టీచరమ్మ ఎప్పటినుంచో రమ్మని పిలుస్తోంది. తిరిగొచ్చాక పోస్టు చేసినా గడువులోపలే చేరుతుందన్నారు.

దివిసీమ: తాతగారి మనవడు

బస్సు దిగి, కాలవ పడవెక్కి, ఎడ్లబండిలో కూర్చుని, దివిసీమ చివర ఒక చేపలవేట పల్లెకు చేరాను. ఊరి పేరు రాయను. ఎందుకో మీకే తెలుస్తుంది.

కాలవరేవులో నాకోసం ఎదురుచూస్తున్నావిడ సువార్తమ్మ టీచరు. తెల్ల నేత చీర, నల్ల గొడుగు, ఊళ్ళో మిషను బడి ఆవిడదే. నన్ను చూసి నమస్కారం కూడా పెట్టకుండా, "మీరేనాండీ? గడ్డం లేదా? ప్రభువా, స్తోత్రం!" అంది. గడ్డం లేనందుకు ఒకరు సంతోషించడం ఆ ప్రయాణంలో అదే మొదలు.

బండిలో కూర్చున్నాక గొంతు తగ్గించి విషయం చెప్పింది. పత్రిక తెప్పించేది బడిపిల్లల కోసమే. కానీ అరుగు మీద కూర్చుని చదువుతుంటే పిల్లల వెనకాల తల్లులు చేరారు, తల్లుల వెనకాల తండ్రులు చేరారు. ఇప్పుడు పత్రిక వచ్చిన రోజు సాయంత్రం ఊళ్ళో మగవాళ్ళు ఒక్కరూ వేటకు వెళ్ళరట.

"సంతోషమేగా టీచర్ గారూ?"

"వినండి. మూడో నెల చదివాక బలరాముడని ఒకతను కొత్త పడవ కట్టుకున్నాడండీ. పాత పడవ గాలివానలో పోయింది. మునిగినవాళ్ళని ఒంటిచేత్తో ఎత్తే తల్లి ఉందంటే వదులుతారాండీ? పడవకు పగడాలమ్మ అని పేరు పెట్టేశారు. పసుపు, కుంకుమ, కొబ్బరికాయ, అంతా అయిపోయింది. తర్వాతి వారమే మీ నాలుగో నెల సంచిక వచ్చింది."

బండి గతుకులో పడి ఇద్దరం ఎగిరిపడ్డాం. నాకు సంగతి మెల్లగా తలకెక్కింది.

"మనుషుల్ని తినే రాక్షసి పేరున్న పడవ ఎవరెక్కుతారండీ? వల లాగే నలుగురూ ఎక్కరు, సముద్రమంటే వాళ్ళకంత భయభక్తులు. బలరాముడి సంసారం వీధిన పడుతుంది. అందుకని..." టీచరమ్మ గొడుగు పిడిని గట్టిగా పట్టుకుంది. "అందుకని అప్పట్నుంచీ మార్చి చదువుతున్నానండీ."

"ఏం మార్చారు?"

"మునిగిన ఓడలోని వంటవాడికి ఆవిడ ఉప్పూకారం రాసిందని రాశారు కదా మీరు? ఒళ్ళునొప్పులకు నూనె రాసిందని చదివాను. వాణ్ణి బాణలిలో కూచోబెట్టిన బొమ్మ వేశారు. వేణ్ణీళ్ళ స్నానం అన్నాను. పళ్ళు బయటపెట్టిన బొమ్మ వచ్చిన నెల, ఆ పేజీ ఎలక కొట్టేసిందని చెప్పాను. ఆదివారం పిల్లలకు అబద్ధమాడకూడదని పాఠం చెప్తాను, సోమవారం ఇదీ నా పని. దేవుడికి ముఖం చూపించలేకపోతున్నానండీ. ఇక చివరి నెల. ఆవిణ్ణేం చేస్తున్నారు?"

నేను సంచీ గట్టిగా పట్టుకుని, "ఇంకా ఆలోచిస్తున్నానండీ" అన్నాను.

"మిమ్మల్ని చూడగానే చుట్టుముట్టి అదే అడుగుతారు. అందుకని మీరు తాతగారి మనవడని చెప్తాను. మీకేం తెలీదు. ఇంకొక్క అబద్ధం, ప్రభువు క్షమిస్తాడు."

అలా నేను నాకే మనవణ్ణయ్యాను.

పగడాలమ్మ దర్శనం

సాయంత్రం బలరాముడి ఇంట్లో భోజనం. మనిషి నిట్రాడంత పొడుగు, మాట మాత్రం పసిపిల్లల మాట. భార్య కోటమ్మ మట్టికుండలో వండిన చేపల పులుసు వడ్డించింది. మావైపు చేప అంటే చెరువులో దొరికే ముళ్ళ గంప. ఇక్కడి చేప నోట్లో పెట్టగానే ముల్లు దానంతటదే పక్కకి తప్పుకుంది. మూడుసార్లు "చాలండీ" అన్నాను, ఈసారి అర్థం తెలిసే.

గోడకు మా పత్రికలోని బొమ్మ కత్తిరించి, పటం కట్టించి వేలాడదీశారు. పడవని ఒంటిచేత్తో ఎత్తుతున్న పగడాలమ్మ. నుదుట అంగుళం మందాన కుంకుమ, ముందు దీపం. మా చిత్రకారుడు చూస్తే ఏడ్చేవాడు. నేను కూడా ఒక దణ్ణం పెట్టాను, పెట్టక తప్పలేదు.

అన్నాలయ్యాక పదిమంది పెద్దవాళ్ళు చేరారు. అందరూ నలభై దాటినవాళ్ళే, కొందరికి నిజంగానే మనవలున్నారు. ప్రశ్నల మీద ప్రశ్నలు. కోటగోడ ఎంత ఎత్తు? రాకుమారుడికి ఈత ఎవరు నేర్పారు? అంత లోతులో పొయ్యి ఎలా మండింది?  "తాతకే తెలియాలండీ" అన్నాను.

బలరాముడు గొంతు సవరించుకున్నాడు. "బాబూ, వచ్చే నెల్లో కథ అయిపోద్దని టీచరమ్మ గారు సెప్పారు. కథ అయిపోతే ఆ తల్లి ఏమవుద్దండీ?"

టీచరమ్మ నావైపు చూడకుండా దీపం వత్తి సవరించింది. నా సంచీలో ఆ తల్లి ముక్కలుముక్కలుగా పేలిపోయి ఉంది. "తాతకే..." అన్నాను మళ్ళీ.

కోటమ్మ నా ముందుకొచ్చి కూర్చుంది. "మీ తాతగారు పెద్దాయన కదా బాబూ, ఒంట్లో ఎట్టా ఉంటంది?"

ఆయన ప్రాణం కూడా అదే సంచీలో, ఇందుమూలముగా, సిద్ధంగా ఉంది. "అంత బాగా లేదండీ" అన్నాను.

గదిలో అందరి ముఖాలూ దిగిపోయాయి. కోటమ్మ లేచి లోపలికెళ్ళి, ఎండుచేపల పొట్లం తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. "పులుసెట్టి ఏడేడిగా తాగించండి, లేసి కూసుంటారు. మా ఆయన కడలి మీద ఉన్నప్పుడు నాకు నిద్ర పట్టేది కాదండి. పగడాలమ్మ కథ విన్నాక పడతంది. ఆ మాట తాతగారితో సెప్పండి, మర్సిపోకండే."

నాకు చాలా సిగ్గేసింది. ఎనిమిదేళ్ళలో నా కథ విని హాయిగా నిద్రపోయానని ఎవరూ చెప్పలేదు. ఒకసారి ఒక ప్రొఫెసరు గారు మాత్రం చదువుతూ నిద్రపోయానన్నారు, అది వేరే సంగతి.

ఒడ్డున మంట

తెల్లవారి బయటికొచ్చేసరికి ఒడ్డున పొగ. పడవని పక్కకి ఒరిగించి, దాని కింద తాటాకులు పేర్చి మంట పెట్టారు. పడవ ముందుకొన మీద "పగడాలమ్మ" అన్న అక్షరాలు కనిపిస్తున్నాయి. టీచరమ్మ అబద్ధం బయటపడిపోయింది, కోపంతో పడవ తగలబెట్టేస్తున్నారనుకున్నాను. "ఆపండి! ఆవిడ తప్పేం లేదు! తప్పంతా నాదే!" అని అరుస్తూ పరిగెత్తి, మధ్యలో ఉన్న కాలవపాయ చూసుకోకుండా నడుందాకా బురదలో దిగబడ్డాను.

బలరాముడు నన్ను ఒంటిచేత్తో పైకి లాగాడు. నవ్వుతున్నాడు. "ఏంటి బాబూ కంగారు? అడుగున పాచి, నత్తగుల్ల పట్టేసినయ్. ఎచ్చబెట్టి గీకుతున్నాం. గీక్కపోతే పడవ బరువెక్కి మనుసుల్నే ముంచుద్ది. తప్పు పడవది కాదండీ, పట్టిన గుల్లది."

ఆ వేడికి గుల్ల టపటపా పేలి ముక్కలుముక్కలుగా రాలుతోంది. లోపలనుంచి శుభ్రమైన కొత్త చెక్క బయటికొస్తోంది. నేను బురదబట్టలతో అలాగే నిలబడి చూశాను. మా చిత్రకారుడు గీసిన బొమ్మ కళ్ళముందు కదిలింది. అందులోనూ అన్నివైపులకీ ఎగిరిపడే ముక్కలేగా! ఏవి పేలాయో బొమ్మలో రాసిలేదు.

అక్కడే ఇసుకలో కూర్చుని చివరి భాగం మళ్ళీ రాశాను. రాకుమారుడు సున్నం కుండ విసిరాడు. పగడాలమ్మ ఒంటినిండా పెళపెళమని శబ్దం. ముక్కలుముక్కలుగా పేలింది ఆవిడ కాదు, ఒక మాంత్రికుడి శాపం వల్ల నాలుగో నెలనుంచీ ఆవిడ ఒంటికి పట్టిన గుల్ల. ఉప్పూకారం రాయించిందీ, పళ్ళు బయటపెట్టిందీ ఆ గుల్లే. అదంతా రాలిపోయాక లోపల్నుంచి మొదటి మూడు నెలల పగడాలమ్మ చీర దులుపుకుంటూ బయటికొచ్చి, "అన్నాలు తిన్నారా?" అని అడిగింది.

టీచరమ్మ రెండుసార్లు చదివింది. కళ్ళద్దాలు తీసి తుడుచుకుంది. "అయితే ఆవిడ మంచిదేనన్నమాట."

"మొదట్నుంచీ మంచిదేనండీ. నాకే ఆలస్యంగా తెలిసింది."

"మరి నేను చదివింది..."

"అబద్ధమేం కాదు. కాస్త ముందుగా చదివారు."

ఆవిడ గొడుగు తెరిచి ముఖానికి అడ్డం పెట్టుకుంది. ఎండేమో ఇంకా మబ్బు చాటునే ఉంది.

మళ్ళీ బందరు, ఆపైన మద్రాసు

పోస్టాఫీసు మెట్ల మీద ప్లీడరు బావ ఎదురయ్యాడు. నా బట్టల మీది బురదనీ, చంకలోని ఎండుచేపల పొట్లాన్నీ చూసి రెండడుగులు వెనక్కి వేశాడు. "ఏమోయ్, తాతని సాగనంపావా? పెద్దవాళ్ళకు రాయడం ఎప్పుడు మొదలెడుతున్నావ్?"

"నిన్న పొద్దునే రాశాను బావా. అది పోస్టు చెయ్యడానికే వచ్చాను" అన్నాను. ఇందుమూలముగా మాత్రం సంచీలోనే ఉంచాను.

మద్రాసులో సంపాదకుడు గారు బొమ్మ పక్కన కథ పెట్టి చూసి, "బ్లాకుకు సరిపోయింది, మిగతాది నీ ఇష్టం. ముందు ఆ పొట్లం బయట పెట్టు" అన్నారు. పులుసు నేనే పెట్టుకుని తాగాను. నిజంగానే లేచి కూర్చున్నాను.

లావుపాటి సాంఘిక నవల నాలుగు పేజీలు రాశాను కూడా. ఇంతలో నిన్న టీచరమ్మ కార్డు వచ్చింది. చివరి భాగాన్ని ఒక్క మాట మార్చకుండా, బొమ్మ అందరికీ చూపిస్తూ చదివిందట. తర్వాత ఆదివారం పాఠం కూడా ధైర్యంగా చెప్పిందట. కింద ఇంకో రెండు వాక్యాలు. బలరాముడి తమ్ముడు కొత్త పడవ కడుతున్నాడు, దాని పేరు గవ్వల తాత. నీళ్ళలోకి దింపేముందు తాతగారి ఒంట్లో ఎలా ఉందో కనుక్కుని రాయమని కోటమ్మ గట్టిగా చెప్పిందట.

ప్లీడరు బావ రాయించిన కాగితం చింపి బుట్టలో వేశాను. తాత కులాసాగా ఉన్నాడనీ, ఇప్పట్లో ఆయనకేం కాదనీ, పడవ ధైర్యంగా దింపుకోమనీ జవాబు రాసి పోస్టు చేసి వచ్చాను.